మణి పలికే సాక్ష్యం: తెలుగు కథా, శాస్త్ర సంప్రదాయాల్లో రత్నశక్తి నియమాలు

వ్యాస సంగ్రహం

రత్నాలకు అతీతశక్తులు ఉంటాయన్న భావన తెలుగువారి పురాణ, కావ్య, కథా సంప్రదాయాల్లో విస్తారంగా కనిపిస్తుంది. దీన్ని కేవలం అద్భుతరసపోషణగానో మూఢవిశ్వాసంగానో చూడటం విమర్శలో స్థిరపడింది. రత్నపరీక్షా గ్రంథాలు, తార్కికుల శక్తివాదం, శమంతకోపాఖ్యానం, కళాపూర్ణోదయం, కాశీమజిలీ కథలు ఆధారంగా ఈ వ్యాసం మణిశక్తికి ఉన్న నియమాలను పరిశీలిస్తుంది. ఈ రచనల్లో మణి ప్రధానంగా సంపదకు కాక ప్రమాణానికి, అంటే ‘జరిగినది ఎలా తెలుస్తుంది?’ అన్న ప్రశ్నకు ముడిపడి ఉందని ప్రతిపాదిస్తుంది.

కీలకపదాలు: రత్నపరీక్ష, మణిమంత్రౌషధాలు, ప్రతిబంధకం, శమంతకమణి, కళాపూర్ణోదయం, కాశీమజిలీ కథలు, ఓడలరేవు.

1. ప్రవేశిక: వైనతేయ ముఖద్వారం

కోనసీమలోని అల్లవరం మండలంలో, వైనతేయ గోదావరి సముద్రంలో కలిసే చోట ఓడలరేవు ఉంది. 18వ శతాబ్దంలో ఇంగ్లీషు ఈస్టిండియా కంపెనీ వస్త్రవ్యాపారం కోసం స్థావరం పెట్టుకున్న బెండమూర్లంక కూడా ఈ మండలంలోనిదే. నేడు ఓడలరేవు పేరు ఎక్కువగా వినిపించేది అక్కడి ఓఎన్‌జీసీ టెర్మినల్ వల్ల. సముద్రగర్భంలోని బావుల నుంచి గొట్టాల్లో వచ్చే సహజవాయువు అక్కడ ఒడ్డుకు చేరుతుంది. ఖనిజాల విషయంలో ఈ తీరానికి మరో ప్రత్యేకత ఉంది. గోదావరి డెల్టా తీరపు ఇసుకలో అల వెనక్కి తగ్గిన చోట తేలికైన తెల్ల రేణువులు కొట్టుకుపోయి బరువైన రేణువులు చారలుగా మిగులుతాయి. నల్లగా కనిపించేవి ఇల్మనైట్, మాగ్నటైట్. వాటి మధ్య ఎర్రగా మెరిసేవి గార్నెట్. తూర్పు కనుమల్లో విస్తారంగా ఉన్న ఖొండలైట్ శిలలో గార్నెట్, సిల్లిమనైట్ ప్రధాన ఖనిజాలు. ఆ శిలకు 1902లో టి. ఎల్. వాకర్ కోందుల పేరు మీదుగా ఈ పేరు పెట్టాడు. నది దాన్ని అరగదీసి రేణువులుగా ఇక్కడికి మోసుకొచ్చింది.

వైనతేయుడంటే గరుత్మంతుడు. వసిష్ఠ పాయ నుంచి చీలిన ఈ శాఖ సప్తర్షుల పేర్లతో చెప్పే ఏడు పాయల లెక్కలోకి రాదు. దీనిది ఋషి పేరు కాదు, పక్షిరాజు పేరు. రత్నశాస్త్రంలో గరుత్మంతుడికి ప్రత్యేకమైన స్థానం ఉంది. మరకతానికి ‘గారుత్మతం’ అన్న పర్యాయపదం అతడి వల్లే వచ్చింది. రత్నాల పుట్టుకను, గుణదోషాలను సవిస్తరంగా చెప్పిన పురాణం కూడా గరుడపురాణమే. ఓడలరేవు ఇసుకకూ ఈ పురాణానికీ చారిత్రక సంబంధం ఏదీ లేదు, పేరొకటి కలిసిందంతే. అయితే ఆ పురాణంలోని రత్నాధ్యాయాలు రాళ్ల మహిమను చెప్పడం కన్నా వాటిని ఎలా పరీక్షించాలో చెప్పడం మీద ఎక్కువ శ్రద్ధ చూపుతాయి. ఈ వ్యాసానికి అదే ప్రారంభబిందువు.

2. మణి, మంత్రం, ఔషధం

మానవశక్తికి మించిన ఫలితాలను ఇచ్చే సాధనాలుగా మన సంప్రదాయం మణి, మంత్రం, ఔషధం అనే మూడింటిని కలిపి చెబుతుంది. ‘మణిమంత్రౌషధాలు’ అన్న సమాసం తెలుగు వ్యవహారంలోనూ ఉంది. మూడూ ఒకే గాటన కట్టినట్టు కనిపించినా వీటి నడవడి ఒకటి కాదు. మంత్రం నేర్చుకోవాలి, దానికి గురువు, దీక్ష, అధికారం కావాలి. ఔషధం వాడితే అయిపోతుంది. మనుచరిత్రలో ప్రవరుడిని హిమాలయానికి చేర్చిన పాదలేపం మంచుకు కరిగిపోవడంతోనే కథ మలుపు తిరుగుతుంది. మణికి ఈ రెండు పరిమితులూ లేవు. అది ఎవరి చేతిలో ఉంటే వారికి పనిచేస్తుంది, వాడితే తరగదు. దాన్ని కానుకగా ఇవ్వవచ్చు, తాకట్టు పెట్టవచ్చు, దొంగిలించవచ్చు, పారేసుకోవచ్చు.

పతంజలి యోగసూత్రాల్లో సిద్ధులకు మూలాలుగా జన్మ, ఔషధి, మంత్రం, తపస్సు, సమాధి అనే అయిదింటిని చెప్పాడు. మణికి అందులో చోటు లేదు. సిద్ధి సాధకుడిలో కలిగే మార్పు. మణిశక్తి ధరించినవాడిని మార్చదు, రాతిలోనే ఉంటుంది. కనుక మణి ప్రవేశించిన కథలో సాధన గురించిన ప్రశ్న వెనక్కి వెళ్లి స్వామ్యం గురించిన ప్రశ్న ముందుకు వస్తుంది: ఇది ఎవరిది, వీరి చేతికి ఎలా వచ్చింది, ఆ మాటకు సాక్ష్యం ఏమిటి?

‘మణి’ అన్న పదం మొదట అమూల్యమైన రాయినే సూచించేది కాదు. అథర్వవేదంలో మణులంటే ఎక్కువగా ఒంటికి కట్టుకునే రక్షలు. వాటిలో చెట్లతో చేసినవి ఉన్నాయి. శంఖమణిని గూర్చిన సూక్తమూ ఉంది. రక్ష అన్న అర్థం నుంచి రత్నం అన్న అర్థానికి సాగిన ఈ ప్రయాణంలో, పదం వెంట శక్తి అన్న భావన కూడా వచ్చింది.

3. పరీక్షే ప్రధానం

కౌటిల్యుడి అర్థశాస్త్రంలో రత్నాల ప్రస్తావన కోశంలో చేర్చవలసిన వస్తువుల పరీక్షలో భాగంగా వస్తుంది. అంటే అది ఖజానా అధికారి పని. 6వ శతాబ్దపు వరాహమిహిరుడు బృహత్సంహితలో మంచి రత్నం రాజుకు శుభాన్ని, చెడ్డ రత్నం అశుభాన్ని ఇస్తుందని, అందుకే తెలిసినవారు పరీక్షించాలని చెప్పాడు. వజ్రాల ఆకారాలను బట్టి దేవతలను, రంగులను బట్టి వర్ణాలను విభజించాడు. సంతానం కోరే స్త్రీలు వజ్రం ధరించకూడదనే అభిప్రాయాన్నీ పేర్కొన్నాడు. ఇదంతా ఇప్పటి పాఠకుడికి మాంత్రికంగానే తోస్తుంది. కానీ ఆ పక్కనే తూకం ఉంది: ఎనిమిది తెల్ల ఆవగింజలు ఒక బియ్యపుగింజ. ఆ లెక్కన వజ్రం బరువు, ఆ బరువు మీద వెల.

గరుడపురాణ కథనం ప్రకారం ఇంద్రుడిని జయించిన బలుడనే అసురుడు, దేవతలు అడిగితే తానే యజ్ఞపశువు కావడానికి మాట ఇచ్చి, ఆ మాటకు కట్టుబడి ప్రాణం విడిచాడు. అతడి శరీరభాగాలే రత్నాలయ్యాయి. ఎముకలు వజ్రాలు, దంతాలు ముత్యాలు, రక్తం పద్మరాగాలు, కళ్లు ఇంద్రనీలాలు, చర్మం పుష్యరాగాలు, అతడి గర్జన వైడూర్యం. పిత్తాన్ని వాసుకి మోసుకుపోతుండగా గరుత్మంతుడు అడ్డగించాడు. అది జారిపడిన చోట మరకతం పుట్టింది. మాట తప్పని అసురుడి శరీరం రత్నాలకు మూలం కావడం గమనార్హం. సత్యానికీ రత్నానికీ ఉన్న ముడి పుట్టుక కథలోనే పడింది.

ఈ పురాణకథ ముగియగానే గ్రంథం నకిలీల మీదికి వస్తుంది. ఇనుము, పుష్యరాగం, గోమేదికం, వైడూర్యం, స్ఫటికం, గాజులతో వజ్రాలకు నకళ్లు చేస్తారని, వాటిని క్షారంతోను, గీతతోను, సానతోను పరీక్షించాలని చెబుతుంది. ఈ అధ్యాయాలు బుద్ధభట్టుడి రత్నపరీక్షకు చాలా దగ్గరగా ఉంటాయి. భారతీయ రత్నశాస్త్ర గ్రంథాలను లూయీ ఫినో 1896లో ఒక సంపుటంగా ప్రకటించినప్పటి నుంచి ఈ సామ్యం పండితులకు తెలిసినదే. పదకొండో శతాబ్దపు ఫ్రాన్సులో మార్బోడ్ లాటిన్ పద్యాల్లో రాసిన రత్నగ్రంథం ప్రధానంగా రాళ్ల మహిమల పట్టిక. మన గ్రంథాల్లో మహిమ ఉన్నా దాని చుట్టూ బేరగాడి అనుమానం ఎప్పుడూ కాపలా ఉంటుంది. దోషం ఉన్న రాయి ధరించినవాడికి హాని చేస్తుందన్న నియమాన్ని వట్టి భయపెట్టే మాటగా తీసుకుంటే పొరపాటే. అది పరీక్ష చేయించుకోమని చెప్పే నియమం కూడా.

4. నిప్పును ఆపే మణి: తార్కికుల వాదం

మణిశక్తికి అత్యంత కట్టుదిట్టమైన నియమావళి కథల్లో లేదు, న్యాయశాస్త్రంలో ఉంది. వేదంతోపాటు తర్కవ్యాకరణాలు సాగిన కోనసీమ పండిత పరంపరకు ఇది పరిచితమైన పాఠమే. ఆంధ్రుడైన అన్నంభట్టు రచించిన తర్కసంగ్రహం తర్వాత విద్యార్థి చేపట్టే న్యాయసిద్ధాంతముక్తావళిలో ఈ చర్చ దాదాపు మొదట్లోనే వస్తుంది.

నిప్పు కాలుస్తుంది. దాని దగ్గర చంద్రకాంతమణిని పెడితే కాల్చదు. మణి తీసేస్తే మళ్లీ కాలుస్తుంది. వాదులిద్దరూ ఒప్పుకున్న ఉదాహరణ ఇది. దీన్ని వివరించడంలోనే తగవు. నిప్పులో కంటికి కనిపించని ‘శక్తి’ అనే వేరే పదార్థం ఉందని, మణి దాన్ని నశింపజేస్తుందని, మణి తొలగగానే శక్తి తిరిగి పుడుతుందని మీమాంసకుడు అంటాడు. నైయాయికుడు ఒప్పుకోడు. మణి పెట్టిన ప్రతిసారీ ఒక శక్తి నశించి, తీసిన ప్రతిసారీ ఇంకొకటి పుట్టిందంటే లెక్కలేనన్ని శక్తులను ఊహించాలి. అంతకన్నా కాల్చడానికి నిప్పుతోపాటు మణి లేకపోవడం కూడా ఒక కారణమని చెబితే సరిపోతుంది. మణి ఇక్కడ ప్రతిబంధకం, ప్రతిబంధకాభావం కారణసామగ్రిలో భాగం.

ఇంతటితో అయిపోతే బాగానే ఉండేది. కానీ చంద్రకాంతం పక్కనే సూర్యకాంతాన్ని కూడా పెడితే నిప్పు మళ్లీ కాలుస్తుందని ప్రతివాది గుర్తుచేస్తాడు. అప్పుడు మణి ఉంది, మణి లేకపోవడం అనే కారణం లేదు, అయినా దాహం జరుగుతోంది. నైయాయికుడు తన నియమాన్ని సవరించుకుంటాడు. సూర్యకాంతం ఉత్తేజకం. ఉత్తేజకం తోడులేని మణి మాత్రమే ప్రతిబంధకం. కాబట్టి కారణం వట్టి మణ్యభావం కాదు, ఉత్తేజకాభావంతో కూడిన మణి లేకపోవడం. వాక్యం మెలికలు తిరిగినట్టున్నా దీని వెనుక ఉన్న క్రమశిక్షణ స్పష్టం. ఒక మినహాయింపు ఎదురైనప్పుడు కొత్త మహిమను కల్పించి తప్పించుకోవడం కాకుండా, ఉన్న నియమాన్నే బిగించి రాసుకోవడం.

ఈ రెండు మణుల్లో సూర్యకాంతానికి లోకానుభవంలో ఆధారం ఉంది. కుంభాకారంగా సానపట్టిన స్ఫటికం ఎండను ఒకచోటికి చేర్చి దూదిని అంటిస్తుంది. వెన్నెలకు కరిగే చంద్రకాంతం మాత్రం కవిసమయం. నిప్పు దగ్గర మణిని పెట్టి చూసిన తార్కికుడు ఎవరైనా ఉన్నాడా అన్నది వేరే మాట. చర్చకు అది అవసరం కాలేదు. నియమం తెలిసిన కల్పితవస్తువు చాలు, దానితో కార్యకారణభావాన్ని సానపట్టవచ్చు. ఈ శాస్త్రంలో పెద్ద గ్రంథానికి గంగేశుడు పెట్టిన పేరు తత్త్వచింతామణి. కోరినవన్నీ ఇచ్చే మణి పేరు ప్రమాణాలను విచారించే గ్రంథానికి వచ్చింది.

5. శమంతకం: బంగారం కంటే బరువైన నింద

వినాయక చవితినాడు తెలుగు ఇళ్లలో అక్షతలు చేతబట్టుకుని వినే కథ ఒక మణి కథ. అయినవిల్లి సిద్ధివినాయకుడి క్షేత్రం ఉన్న కోనసీమలో ఆ కథ వినని ఇల్లు అరుదు. చవితి చంద్రుడిని చూసినవారికి నీలాపనింద తప్పదని, కృష్ణుడంతటివాడికీ తప్పలేదని దాని సారాంశంగా అందరూ చెబుతారు. పోతన భాగవతంలోని దశమస్కంధ కథనాన్ని దగ్గరగా చదివితే ఆ కథకు చంద్రుడి కంటే సాక్ష్యం ముఖ్యమని తెలుస్తుంది.

సత్రాజిత్తుకు సూర్యుడు ఇచ్చిన శమంతకం రోజుకు ఎనిమిది బారువుల బంగారం ఇస్తుంది. అది పూజలందుకునే చోట కరవు, అరిష్టం ఉండవు. శుచి లేనివాడు ధరిస్తే వాడిని చంపుతుందని విష్ణుపురాణం చెబుతుంది. ఇవీ మణి నియమాలు. యదురాజుకు ఇమ్మని కృష్ణుడు అడిగితే సత్రాజిత్తు ఇవ్వలేదు. అతడి తమ్ముడు ప్రసేనుడు మణి ధరించి వేటకు వెళ్లి తిరిగి రాలేదు. అడిగినవాడే చంపి ఉంటాడన్న మాట జనం నోట పడింది. మణి వల్ల వచ్చిన బంగారం గురించి కథ ఆ తర్వాత పెద్దగా పట్టించుకోదు. మణి వల్ల పుట్టిన అనుమానాన్నే వెంబడిస్తుంది.

కృష్ణుడు ఆ అనుమానాన్ని మహిమతో తుడిచివేయలేదు. పౌరులను వెంటబెట్టుకుని అడవికి వెళ్లాడు. ప్రసేనుడి శవం, గుర్రం కళేబరం, సింహం జాడలు కనిపించాయి. ఆ జాడల వెంట వెళితే సింహం కళేబరం, అక్కడి నుంచి భల్లూకం గుహ. అక్కడ పౌరులను బయట నిలిపి తానొక్కడే లోపలికి వెళ్లాడు. వారు పన్నెండు రోజులు చూసి వెళ్లిపోయారు. లోపల జాంబవంతుడితో పోరు ఇరవై ఎనిమిది రోజులు సాగింది. మణితో తిరిగి వచ్చాక దాన్ని తన దగ్గర ఉంచుకోలేదు. రాజు ఎదుట, నిండుసభలో, దొరికిన విధమంతా చెప్పి సత్రాజిత్తుకు అప్పగించాడు. ఆచూకీ, సాక్షులు, బహిరంగంగా అప్పగింత. ఇది దేవుడి కథ కన్నా గ్రామపెద్దల ఎదుట తీరిన దొంగతనం తగవులా నడుస్తుంది.

కథ ఇక్కడ ఆగదు, చవితి పూజలో చాలాసార్లు ఆగుతుంది. శతధన్వుడు సత్రాజిత్తును చంపి మణిని కాజేసి అక్రూరుడి దగ్గర దాచాడు. కృష్ణుడు శతధన్వుడిని వెంటాడి చంపితే అతడి దగ్గర మణి లేదు. ఈసారి నమ్మనివాడు సొంత అన్న బలరాముడు. అక్రూరుడు మణితో కాశీకి చేరాడు. చివరకు కృష్ణుడు అతడిని రప్పించి, నీ దగ్గర ఉన్నదని తెలుసు, నీ దగ్గరే ఉంచుకో, అయినా బంధువుల కళ్లెదుట ఒక్కసారి చూపించు అన్నాడు. సర్వజ్ఞుడికి తెలియడం వేరు, లోకానికి తెలియడం వేరు. ఆ రెండింటి మధ్య దూరాన్ని కొలిచే వస్తువు శమంతకం.

6. బంగారం చేసే రాయి

సంపదకు ముడిపడిన మణుల కథలు తెలుగునాట తక్కువేమీ కావు. వాటి గతి మాత్రం వేరు. ఏడో శతాబ్దపు చైనా యాత్రికుడు హ్యుయాన్‌త్సాంగ్ దక్షిణకోసలాన్ని గురించి రాస్తూ, విహారనిర్మాణానికి ధనం చాలని రాజు కోసం నాగార్జునుడు రాళ్లను బంగారంగా మార్చిన కథ చెప్పాడు. పదిహేనో శతాబ్దపు గౌరన నవనాథచరిత్రలో సిద్ధుడైన నాగార్జునుడు శ్రీశైలాన్నే బంగారం చేయబూనితే విష్ణువు అడ్డుపడతాడు. పర్వతమంతా బంగారమైతే బంగారానికి విలువ ఎక్కడిదన్న ఇబ్బంది కథ లోపలే ఉంది.

కొండవీటి రెడ్డిరాజుల వంశాన్ని గురించిన ఐతిహ్యం ఇంకా చీకటిది. వేముడనే కోమటి దగ్గర స్పర్శవేధి ఉండేదని, వంశమూలపురుషుడు దాన్ని కాజేశాడని, ఆ కోమటి ప్రాణాలు తీసుకున్నాడని, ఆ పాపానికి పరిహారంగా సంతానానికి ‘వేమ’ అనే పేరు పెట్టడం మొదలైందని స్థానికచరిత్రలు చెబుతాయి. దీన్ని చరిత్రగా కాక పేరుకు పుట్టిన వివరణగానే తీసుకోవాలి. అయినా ఆ వివరణ ఎంచుకున్న దారి చూడదగినది. గోదావరి డెల్టాను కూడా ఏలిన రెడ్డివంశాల కీర్తిలో పరుసవేది మిగలలేదు, ప్రతి తరంలోనూ పలకవలసిన మృతుడి పేరు మిగిలింది. బంగారం చేసే రాయి కథ కూడా చివరకు సాక్ష్యంగానే మారింది.

7. జ్ఞాపకమణి, కథామణి

పదహారో శతాబ్దపు పింగళి సూరన ఈ సంప్రదాయాన్ని తెలిసి మలుపు తిప్పాడు. కళాపూర్ణోదయంలో కృష్ణుడు మణికంధరుడికి ఇచ్చిన రత్నహారం అలఘువ్రతుడి చేతికి, అక్కడి నుంచి కళాపూర్ణుడి ఆస్థానానికి చేరుతుంది. రాజు దాన్ని పసిపాప మధురలాలస మెడలో వేయిస్తాడు. హారంలోని మణి హృదయస్థానాన్ని తాకగానే, మాటలు రాని ఆ పాప గతజన్మలో కలభాషిణిగా తనకు తెలిసినదంతా చెప్పడం మొదలుపెడుతుంది. అప్పటిదాకా ముక్కలుగా విన్న కథలు ఒకదానికొకటి అతుక్కుంటాయి. ఎవరు ఎవరో, ఏ శాపం ఎక్కడ మొదలైందో తేలుతుంది.

ఈ మణి ధనం ఇవ్వదు, శత్రువును చంపదు. దానికి ఒక్కటే పని, ఒక్కటే షరతు: హృదయానికి తాకాలి. సూరన చేసిన అసలు సాహసం సాక్షిని ఎంచుకోవడంలో ఉంది. తన మాటకు లాభనష్టాలు లేని పసిబిడ్డ చెప్పిన సాక్ష్యం కంటే నమ్మదగినది ఏముంటుంది? కట్టమంచి రామలింగారెడ్డి కవిత్వతత్త్వవిచారానికి కళాపూర్ణోదయమే విషయమైనప్పటి నుంచి దీని కథాసంవిధానాన్ని గురించి ఎంతో చర్చ జరిగింది. ఆ చర్చలో హారం కథ ముడులు విప్పే ఒక ఉపాయంగానే ఎక్కువగా కనిపించింది. చేతులు మారుతూ వచ్చిన హారం ప్రయాణానికీ, జన్మలు మారుతూ వచ్చిన జ్ఞాపకం ప్రయాణానికీ సూరన ఒకే దారం వాడాడన్నది మరికొంత శ్రద్ధకు తగిన అంశం.

గోదావరి ప్రాంతానికి చెందిన మధిర సుబ్బన్న దీక్షితుల కాశీమజిలీ కథలు పన్నెండు భాగాలు. వీటిని పిల్లల కాలక్షేపంగా పక్కనపెట్టడం విమర్శకులకు అలవాటైంది. ఈ కథల చట్రం మొత్తం ఒక మణి మీద నిలిచి ఉంది, కథకుడి పేరే మణిసిద్ధుడు. కాశీకి కాలినడకన వెళ్లాలనుకున్న ఆ యతికి తోడు దొరకదు. గొల్లకుర్రవాడొకడు ఒప్పుకుంటాడు, ఒక షరతు మీద. ప్రతి మజిలీలోనూ తాను చూసిన వింతను గురించి అడుగుతాడు, యతి దాని కథ చెప్పి తీరాలి, చెప్పలేకపోతే ఆ మజిలీ నుంచే వెనక్కి. యతి దగ్గర సిద్ధుడిచ్చిన మణి ఉంది. దాని ప్రభావంతో ఆ వింత వెనుక జరిగినదంతా అతడికి తెలుస్తుంది.

ఇక్కడ మణికి ప్రశ్న కావాలి. ఎవరూ అడగకపోతే అది మౌనంగానే ఉంటుంది. అడిగేవాడు పండితుడు కాదు, పశువుల కాపరి. ఊరంతా తిరిగి, అందరూ రోజూ చూస్తూ పట్టించుకోని దాన్ని చూసి వచ్చి అడుగుతాడు. జ్ఞానం ఒకరి దగ్గర, చూపు మరొకరి దగ్గర. రెండూ కలిసినప్పుడే కథ. మజిలీ ముందుకు సాగాలంటే జవాబు రావాలి కనుక మణి ఇక్కడ ప్రయాణానికి ఇంధనం కూడా. అక్రూరుడు శమంతకంతో చేరినదీ కాశీయే. ఆ మణిని దాచుకోవడానికి కాశీకి వెళ్లారు, ఈ మణి కాశీ దారిలో రోజూ అందరికీ తెరుచుకుంటుంది.

మణికి ఉన్న హస్తాంతర స్వభావాన్ని తెలుగు సినిమా కూడా వదల్లేదు. 1951లో కె. వి. రెడ్డి దర్శకత్వంలో వచ్చిన ‘పాతాళభైరవి’లో మంత్రతంత్రాలన్నీ నేపాళ మాంత్రికుడివి, ఫలం ఇచ్చే చిన్న ప్రతిమ మాత్రం ఎవరి చేతిలో ఉంటే వారి మాట వింటుంది. ప్రతిమ రత్నం కాకపోయినా నడవడి మణిదే. అందుకే అది చేయి మారిన క్షణంలోనే తోటరాముడి సంపద అంతా మాయమవుతుంది.

8. గ్రహం, ఉంగరం, ధ్రువపత్రం

నేటి తెలుగు సమాజంలో రత్నశక్తి అనగానే గుర్తొచ్చేది నవగ్రహాల ఉంగరం. సూర్యుడికి కెంపు, చంద్రుడికి ముత్యం, కుజుడికి పగడం, బుధుడికి పచ్చ, గురువుకు పుష్యరాగం, శుక్రుడికి వజ్రం, శనికి నీలం, రాహువుకు గోమేదికం, కేతువుకు వైడూర్యం. ఈ పట్టికను అనాదిగా ఉన్నదని చెప్పడం పరిపాటి. బృహత్సంహితలోని రత్నాధ్యాయాల్లో ఈ గ్రహానికి ఈ రాయి అన్న జత లేదు. వరాహమిహిరుడు జ్యోతిషంలో ఎంత పండితుడో తలచుకుంటే ఈ లోపం చిన్నది కాదు. జాతకపారిజాతం వంటి తర్వాతి గ్రంథాల్లో ఈ జత స్పష్టమవుతుంది. 1879లోనూ 1881లోనూ కలకత్తాలో శౌరీంద్రమోహన ఠాకూర్ ప్రకటించిన ‘మణిమాల’ నాటికి పురాణం, జ్యోతిషం, వైద్యం, వ్యాపారం అన్నీ ఒకే సంకలనంలో పక్కపక్కన చేరాయి.

ఈ మార్పులో మణి ముఖం తిరిగిన దిక్కు మారింది. శమంతకం, సూరన హారం, మణిసిద్ధుడి మణి మూడూ గతం వైపు చూసేవి. జరిగినదాన్ని తేల్చడమే వాటి పని. ఉంగరంలోని రాయి ధరించినవాడి భవిష్యత్తుకు హామీగా అమ్ముడవుతుంది. ప్రతిబంధకం, ఉత్తేజకం అన్న తార్కికుల పదాలను జ్ఞాపకం చేసుకుంటే, ఫలితం రానప్పుడు ఏ నియమాన్ని సవరించాలో చెప్పే బాధ్యత ఇక్కడ ఎవరి మీదా లేదు. రాయి పనిచేయకపోతే బరువు చాలలేదంటారు, రోజు మంచిది కాదంటారు. ముక్తావళి చదివిన విద్యార్థి ఈ జవాబును ఒప్పుకోడు.

పాత రత్నపరీక్ష మాత్రం అంగడిలో వేరే రూపంలో కొనసాగుతోంది. క్షారం, గీత, సానల స్థానంలో వక్రీభవన గుణకం, సాపేక్ష సాంద్రత, సూక్ష్మదర్శిని కింద లోపలి మచ్చలు వచ్చాయి. రాయితోపాటు ప్రయోగశాల ధ్రువపత్రం ఇస్తారు. అది రాయి ఏ జాతిదో, సహజమైనదో, వేడిచేసి రంగు మార్చినదో చెబుతుంది. కెంపు, నీలం రెండూ కురువిందమేనని, క్రోమియం ఉంటే ఎరుపు, ఇనుము టైటానియం ఉంటే నీలం అని ఆ శాస్త్రం తేల్చింది. ధ్రువపత్రంలో శని ప్రస్తావన ఉండదు.

గోమేదికానికి ఇచ్చే ధ్రువపత్రంలో జాతి దగ్గర ‘గ్రోసులార్ గార్నెట్’ అని ఉంటుంది. కాల్షియం, అల్యూమినియం కలిసిన గార్నెట్ అది. ఖొండలైట్ నుంచి వచ్చే ఎర్ర రేణువులోనూ అల్యూమినియం ఉంది, కాల్షియం స్థానంలో ఎక్కువగా ఇనుము, మెగ్నీషియం ఉన్నాయి. ఆ పాళ్లను కొలిచి అది ఎలాంటి శిలలో, ఎంత వేడిలో, ఎంత ఒత్తిడిలో పుట్టిందో భూవిజ్ఞానులు చెబుతారు. దాని పక్కనే ఉండే జిర్కాన్, మోనజైట్ రేణువుల్లో యురేనియం, థోరియం సీసంగా మారిన లెక్కను బట్టి వయసు తెలుస్తుంది. తూర్పు కనుమల శిలలను కాల్చి మార్చిన పెద్ద వేడి సుమారు వంద కోట్ల ఏళ్ల నాటిదని ఆ లెక్కల వల్లే తెలిసింది. ఒకే కుటుంబానికి చెందిన ఈ రెండు రాళ్లలో ఒకటి రాహువు పేరిట అద్దాల పెట్టెలో ఉంది. రెండోది ఏ గ్రహమూ అంటని ఎర్రచారగా వైనతేయ ముఖద్వారం దగ్గర ప్రతి ఆటుకూ పోటుకూ చోటు మారుతోంది.